ముల్లు ముట్టరాదు

మా మనవడు మొన్న ఒక కథ చదువుతూ దాని సంగతి నాకు చెప్పాడు. ఆ కథలో కాలాన్ని వెనక్కీ ముందుకీ తిప్పే యంత్రం ఒకటి ఉందట. దానితో ఆటలాడితే లోకానికే ముప్పని దేశాలన్నీ ఒకచోట కూర్చుని, ఇక దాన్ని ఎవరూ ముట్టకూడదని ఒడంబడిక రాసుకున్నాయట. పెద్ద పెద్దవాళ్ళంతా సంతకాలు పెట్టారట. నేను చింతపండులో గింజలు తీస్తూ విన్నాను.

"అంతా రాసుకున్నారు గానీ, కూత సంగతి రాసుకున్నారా?" అని అడిగాను.

"కూతేంది జేజీ?" అని వాడు పకపకా నవ్వాడు.

వాడికి నవ్వులాట. నాకు మాత్రం అరికాళ్ళలో చెమట పట్టింది. ఆ కథ రాసినాయన ఎవరో గానీ, అటువంటి ఒడంబడిక ఆదోనిలో, ఎమ్మిగనూరు రోడ్డు మీది ఒక పత్తి మిల్లులో నిజంగానే జరిగిందని ఆయనకు తెలిసి ఉండదు. మేం దాన్ని కరారు అన్నాం. దాన్ని అందరికీ చదివి వినిపించింది నేను. దాని తాళంచెవి ఇప్పటికీ నా ట్రంకుపెట్టెలో ఉంది.

మా తాలూకా బళ్ళారి జిల్లా నుంచి విడిపోయి కర్నూలు జిల్లాలో కలుస్తున్న రోజులవి. నాకు పెళ్ళయి, మొదటి కాన్పులో ఆడపిల్ల పుట్టి, పాప ఇంకా బోర్లా పడటం నేర్చుకుంటూ ఉంది. నా పెనిమిటి అదే మిల్లులో బేళ్ళు మోసే హమాలీ. నేను పత్తిలోంచి గింజ తీసే జిన్నుకు పత్తి అందించే పనిలో ఉండేదాన్ని. ఆ పని అంతా ఆడవాళ్ళదే. పొడవాటి కొట్టులో రెండు వరసల జిన్నులు, గాలి నిండా దూది, ముక్కుకు గుడ్డ. ఆ మోతలో పక్కమనిషి అరిచినా వినపడదు. కిటికీలు పైన ఎక్కడో ఉండేవి, వాటికీ దూది పట్టి ఎండ లోపలికి వచ్చేది కాదు. పొద్దెక్కిందో వాలిందో తెలియదు. మాకు తెలిసేదల్లా మిల్లు కూత ఒక్కటే. బాయిలరు మీద గొట్టం ఉండేది, అది కూసిందంటే ఆ మోతను కూడా మింగేసి ఒంట్లోకి దూరేది.

మా ఇళ్ళల్లో గడియారం ఎవరికుంది? టైమెంత అని మేమెవరమూ అడిగేవాళ్ళం కాదు. "కూతైందా?" అని అడిగేవాళ్ళం. పొద్దున కూత, పన్నెండు కూత, సాయంత్రం కూత. ఎవరైనా చనిపోయినా "పన్నెండు కూతకు ముందే పాణం పోయింది" అనేవాళ్ళం. మా నోట్లో కాలానికి వేరే మాట లేదు. ఈ ముక్క గుర్తుపెట్టుకోండి, మా కొంప ముంచింది ఇదే.

మిల్లు గోడ వెనక పాత రేకులతో ఒక కొట్టం ఉండేది. కర్రలకు గోనెసంచుల తొట్లు కట్టి, పాలుతాగే పిల్లలను అందులో పడుకోబెట్టేవాళ్ళం. వాళ్ళను చూసుకోవడానికి ఒక ముసలమ్మ. మేమందరం కొట్టం అవ్వ అని పిలిచేవాళ్ళం. మంచిదే పాపం. చెవులు సరిగా వినపడవు, కూత మాత్రం వినపడేది. ఆమె కొంగున ఒక చిన్న రేకు డబ్బీ ఉండేది, అందులో నల్లమందు.

ఇప్పటి తల్లులు ఇది చదివి నన్ను తిట్టిపోస్తారని తెలుసు. తిట్టండి. అప్పట్లో నల్లమందు అంగట్లో దొరికేది. పత్తి మిల్లుకు పోయే తల్లులందరూ వేయించేవాళ్ళు. వేయకపోతే పిల్లలు పొద్దంతా గుక్కపట్టి ఏడుస్తారు, వేసి పోతే మనం గంజి తాగుతాం. ఆవగింజలో సగమంత తీసి, పాలచుక్కలో అద్ది నాలుక మీద రాసేది అవ్వ. ఆమె లెక్క ఆమెకుంది. కూతకొకటి. పొద్దున కూతకు వేసింది పన్నెండు కూతకల్లా దిగిపోయేది. బిడ్డ కళ్ళు తెరిచేది, తల్లి పరుగున వచ్చి పాలిచ్చేది. మళ్ళీ ఒకటి వేస్తే సాయంత్రం దాకా నిద్ర. తప్పు జరగకుండా ఆ లెక్క నడిచినన్నాళ్ళూ నడిచింది.

ఆ ఏడు పత్తి విరగపండింది. మిల్లు ముందు బండ్లు రోడ్డు దాకా నిలబడి ఉండేవి. అప్పటి నుంచి పన్నెండు కూత ఆలస్యం కావడం మొదలైంది. మాకెలా తెలిసిందంటారా? పాలిచ్చే ఆడదాని ఒళ్ళు చెబుతుంది. బిడ్డకు ఆకలయ్యే వేళకు రొమ్ములు సలుపుతాయి, పాలు వాటంతటవే కారుతాయి. రోజూ పాలు రావడం, కూత రావడం ఒకేసారి జరిగేది. ఇప్పుడు రవిక తడిసిపోయి, చల్లబడి, దాని మీద దూది అంటుకుని గట్టిగా అయిపోయినా కూత రావడం లేదు. నా పక్క జిన్ను మీద ఒక అక్క ఉండేది. ఆమెకూ చంటిపిల్లాడు. ఆమె నా వైపు తిరిగి తన రవిక చూపించింది, నేను నా రవిక చూపించాను. ఇద్దరం నవ్వుకున్నాం. నవ్వుకున్నామని ఇప్పుడు తలచుకుంటే ఒళ్ళు మండుతుంది.

బాయిలరు మేస్త్రి కూత వేసేది ఆఫీసు గదిలోని గడియారం ప్రకారమే. ఆ గది ఊడ్చే ఆమె ఒకరోజు మెల్లగా చెప్పింది. "గుమాస్తా స్టూలెక్కి గడియారం ముల్లు ఎనక్కి తిప్పుతాండాడు. నా కండ్లతో సూసినా. సాయంత్రం అందరూ పోయినాక మళ్ళా ముందుకు తిప్పుతాడు."

అది విన్న వారంలోపే అక్క కొడుకు నిద్ర లేవలేదు. కూత రాక, పిల్లలందరూ ఆకలికి లేచి ఒకరిని చూసి ఒకరు ఏడుస్తుంటే, అవ్వ ఎక్కువ ఏడ్చేవాళ్ళకు ఇంకో రవ్వ రాసింది. ఆ తర్వాత కూత అయింది. ఆమె లెక్క ప్రకారం కూతకొకటి మళ్ళీ వేసింది. సాయంత్రం అక్క తొట్టిలోంచి ఎత్తుకుంటే పిల్లాడు మెత్తగా, చల్లగా ఉన్నాడు. అక్క ఏడవలేదు. వాడిని భుజాన వేసుకుని, నిద్రపోయే పిల్లాడిని మోసినట్టే ఇంటిదాకా మోసుకుపోయింది.

నాకు భయం పట్టుకున్నది అప్పుడు. జిన్ను ముందు నిలబడితే చేతులు పనిచేసేవి, మనసు మాత్రం రేకుల కొట్టంలో ఉండేది. ఇంట్లో పాప కాస్త ఎక్కువసేపు పడుకుంటే లేపేసేదాన్ని. అది ఏడిస్తే నా పాణం కుదుటపడేది. పని మానేద్దామంటే పెనిమిటి ఒక్కడి కూలి మీద ఇల్లు గడవదు. మానకపోతే ఆ ముల్లు ఉంది. ఒక ఇనపముక్క అంత దూరం నుంచి నా బిడ్డ నాలుక మీదికి ఎలా వచ్చిందా అని పొద్దంతా ఆలోచించేదాన్ని.

అక్క మూడోనాడే పనిలోకి వచ్చింది. జిన్ను దగ్గరకు రాలేదు. గేటు దగ్గరే చతికిలబడింది. మేమూ పోయి ఆమె పక్కన కూర్చున్నాం. పత్తి బండ్లు బయటే ఆగిపోయాయి. మేనేజరు కిందికి వచ్చాడు, గుమాస్తా వచ్చాడు. గుమాస్తాకు వేళాకోళం ఎక్కువ. "మీ ఊరు ఏ జిల్లాలో ఉండాదో ఇంకా మీకే తెల్దు, మీకు టైము కావాల్నా?" అన్నాడు. మేం అక్కడినుంచి లేవలేదు.

చివరికి దిగి వచ్చారు. మీకేం కావాలో చెప్పండి, కాగితం మీద రాసిస్తాం అన్నారు. మాకేం కావాలి? ముల్లు ముట్టకూడదు, అంతే. అందరం అదే మాట అరిచాం. గుమాస్తాయే రాశాడు. గడియారం ముల్లును మిల్లు తరఫువారు గానీ పనివారు గానీ ముట్టరాదు. గడియారానికి అద్దాల పెట్టె చేయించి తాళం వేయాలి. తాళంచెవి పనివారి దగ్గర ఉండాలి. వారానికొకసారి వారి ఎదుటే తీసి కీ ఇచ్చి మళ్ళీ వేయాలి. నేను మిషను బడిలో అయిదు దాకా చదివినదాన్ని గనుక నన్ను చదవమన్నారు. గట్టిగా చదివాను. ఒక్క అక్షరం తప్పు లేదు. అందరూ వేలిముద్రలు వేశారు, మొదటిది అక్కది. నేను సంతకం పెట్టాను. తాళంచెవి కూడా నాకే ఇచ్చారు.

నా పెనిమిటికి ఇది నచ్చలేదు. "నీకెందుకే ఈ పెత్తనం? రేపు ఏమన్నా అయితే ఇద్దరి పనీ పోతాది" అన్నాడు.

"పోతే పోనీ. బిడ్డ ఉంటే సాలు" అన్నాను.

తాళంచెవిని నల్లదారానికి కట్టి మెడలో వేసుకున్నాను. పాపకు అది మంచి ఆటవస్తువైంది. పాలు తాగినంతసేపూ దాన్ని పిడికిట్లో బిగించి పట్టుకునేది. తాగడం అయిపోయి నిద్రలోకి జారినా వదిలేది కాదు, వేలు వేలూ విడదీసి లాక్కోవాల్సి వచ్చేది.

కొన్నాళ్ళు హాయిగా నడిచింది. పాలూ కూతా మళ్ళీ ఒక్కసారికి వచ్చాయి. ప్రతి సోమవారం ఆఫీసు గదిలోకి పోయి తాళం తీసేదాన్ని. గుమాస్తా కీ ఇచ్చేవాడు, నేను కళ్ళార్పకుండా అతని వేళ్ళు చూసేదాన్ని. "సూడమ్మా, ముల్లు ముట్టలే" అని రెండు చేతులూ పైకెత్తి చూపించేవాడు. నేను తాళం వేసి, ఒకసారి లాగి చూసుకుని వచ్చేసేదాన్ని.

తర్వాత ఒకరోజు రవిక తడిసింది, కూత రాలేదు. ఆ రోజు ఏమీ అనుకోలేదు. మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే. అక్క నా వైపు చూసింది. ఆమెకిప్పుడు తడిసే రవిక లేదు, అయినా ఆమె నా రవిక చూస్తోంది. నేను కొంగు కప్పుకున్నాను.

తాళంచెవి నా మెడలో ఉంది. రాత్రిళ్ళు తలకింద పెట్టుకుని పడుకుంటున్నాను. ముల్లు ముట్టడానికి వీల్లేదు. అలాంటప్పుడు తప్పు గడియారానిది కాదు, నా ఒంటిదే అయి ఉండాలి. నా పాలకు పిచ్చి పట్టిందా? లేక నాకే పట్టిందా? అక్క కొడుకును చూసిన భయం పాలలోకి దిగిందని కూడా అనుకున్నాను. ఇద్దరు ముగ్గురు తల్లులు నన్ను గేటు దగ్గర నిలదీశారు. "తాళంచెవి నీ కాడే కదమ్మే ఉండేది. వాళ్ళకు గాని ఇచ్చినావా ఏమి?" అన్నారు. దేవుని మీద ఒట్టు పెట్టి చెప్పాను. నమ్మారో లేదో తెలియదు. కాగితం మీద ఏం రాసి ఉందో నాకు నోటికి వచ్చు, దాంట్లో ఎక్కడా తప్పు కనిపించలేదు. ఒంటిని నమ్మాలా, కాగితాన్ని నమ్మాలా అని ఊగిసలాడాను. చదువుకున్నదాన్ని కదా, కాగితాన్నే నమ్మాను.

ఎండలు ముదిరిన ఒకరోజు పాలు ఒకసారి వచ్చి ఆగిపోయి, మళ్ళీ రెండోసారి వచ్చాయి. అప్పటికీ కూత లేదు. రొమ్ములు రాళ్ళయిపోయాయి. చేతిలోని పత్తి ఎక్కడ వేస్తున్నానో తెలియడం లేదు. పక్కనుంచి అక్క నా చెయ్యి పట్టుకుంది. ఆ మోతలో ఆమె నోరు కదలడమే కనిపించింది. ఏమన్నదో నాకు తెలిసింది. పో అన్నది.

పరుగెత్తాను. కొట్టులోంచి బయటపడితే ఎండ కళ్ళల్లో పొడిచింది. గేటుకు పోవాలంటే ఆఫీసు గది కిటికీ మీదుగానే పోవాలి. పోతూ పోతూ లోపలికి చూశాను. అద్దాల పెట్టెలో గడియారం, దానికి నేను వేసిన తాళం వేసినట్టే ఉంది. ముల్లు పన్నెండు దాటి, ఒంటిగంట కూడా దాటి ఉంది.

గడియారం తప్పు చెప్పలేదు. దాని ముల్లును ఎవరూ ముట్టలేదు. ముందుకు చూస్తే బాయిలరు దగ్గర మేస్త్రి పక్కన గుమాస్తా నిలబడి, జేబులోంచి గొలుసు గడియారం తీసి చూసుకుంటున్నాడు. కూత దాని ప్రకారం వేస్తున్నారు. మేం రాయించుకున్నది ముల్లు గురించి. కూత గురించి ఒక్క మాట రాయించుకోలేదు. మాకు కూత అంటేనే టైము. అదొకటీ ఇదొకటీ అని మాకు తోచనే లేదు, వాళ్ళకు తోచింది.

గేటు జవాను చెయ్యి అడ్డం పెట్టాడు. "యాడికి? కూత కాలేదింకా."

అతని చేతి కిందనుంచి దూరి పోయాను. దుడ్డుకర్ర నా వీపుకు తగిలింది. నొప్పి తెలియలేదు.

కొట్టంలో పిల్లలు ఏడుస్తున్నారు. నా బిడ్డ ఏడవడం లేదు. అవ్వ తొట్టి దగ్గరనుంచి లేస్తూ వేలు కొంగుకు తుడుచుకుంటోంది. నన్ను చూసి బిత్తరపోయింది. "కూత కాకుండా ఎట్లొచ్చినావు? శానాసేపు ఏడ్సింది తల్లీ, ఇప్పుడే రవ్వంత రాసినా. అంతకుముందూ ఒకతూరి రాసినా. పండుకునింది" అంది.

పాపను ఎత్తుకున్నాను. తల వెనక్కి వాలిపోయింది. పెదవులు నేరేడుపండు తిన్నట్టు ఉన్నాయి. రొమ్ము నోట్లో పెట్టాను. పాలు వాటంతటవే దాని నోట్లోకి కారి, మళ్ళీ చెంప మీదికి కారిపోయాయి. చెయ్యి నా ఒళ్ళో పడి ఉంది. దాని చేతికి తాళంచెవి అందించాను. వేళ్ళు మూసుకోలేదు.

సరిగ్గా అప్పుడు కూత కూసింది.

అవ్వ ముఖం తేటపడింది. ఎప్పటిలాగే డబ్బీ తీసింది, చిటికెనవేలి గోటితో గీకింది, పాప నోటి వైపు వంగింది. "కూతైంది గదమ్మే, ఇంగ ఈ పూటది కూడా రాసేస్తే..." అంటోంది. ఆమె కళ్ళల్లో ఏ పాపమూ లేదు. నేను ఆ చేతిని ఎంత గట్టిగా కొట్టానంటే డబ్బీ ఎగిరి రేకుకు తగిలింది. అందరు తల్లులూ అప్పుడే పరుగెత్తుకుని వస్తున్నారు. "ఎవరికీ రాయనీయొద్దండి! పన్నెండు ఎప్పుడో అయిపోయింది!" అని అరుస్తూ వాళ్ళకు ఎదురు పరుగెత్తాను.

ఆసుపత్రికి నా పెనిమిటి మోశాడు. బేళ్ళు మోసే మనిషి, ఆ పిల్లను మోయలేక తూలిపోయాడు. నర్సమ్మ నన్ను ఒక్క మాట కూడా తిట్టలేదు, అందుకే ఇంకా భయమేసింది. అరికాళ్ళ మీద కొట్టమంది, నీళ్ళు చల్లమంది, నిద్రపోనివ్వద్దు అంది. కొట్టాను. నా బిడ్డ అరికాళ్ళు ఎర్రగా అయ్యేదాకా కొడుతూనే ఉన్నాను. అది ఊపిరి తీస్తుంది, ఆగిపోతుంది. ఆగినప్పుడల్లా నా ఊపిరి కూడా ఆగేది. ప్రార్థన చేద్దామంటే ఒక్క మాట గుర్తు రాలేదు. కరారు మాటలే నోట్లోకి వచ్చాయి. ముట్టరాదు, ముట్టరాదు అని గొణుక్కున్నాను.

దీపాలు పెట్టే వేళకు మెడ దగ్గర ఏదో లాగినట్టైంది. చూస్తే నల్లదారం బిగుసుకుని ఉంది. తాళంచెవి దాని పిడికిట్లో ఉంది.

మరుసటి వారం మిల్లుకు పోతే గేటులోంచి రానివ్వలేదు. కూత కాకముందే పని వదిలిన మనిషికి పని లేదన్నారు. మేనేజరును అడిగితే, "కరారు తప్పినామా? ముల్లు ముట్టినామా? నువ్వే సెప్పు" అన్నాడు. నిజమే, ముట్టలేదు. తిరిగి వస్తుంటే గుమాస్తా వెనకనుంచి పిలిచి తాళంచెవి ఇచ్చి పొమ్మన్నాడు.

"కరారు ప్రకారం అది మా కాడే ఉండాల. కావాలంటే సదువుకో" అని వచ్చేశాను.

ఆ వారం ఎవరూ కీ ఇచ్చి ఉండరు. అద్దాల పెట్టెలో ఆ గడియారం ఆగిపోయి ఉంటుంది. మిల్లుకు దానివల్ల ఏమీ కాలేదు. మేం ఎమ్మిగనూరుకు, మా అమ్మ దగ్గరికి బస్సెక్కిన రోజు కూడా కూత కూసింది. బస్సు దగ్గరికి అక్క వచ్చింది. పాప చెంప మీద చెయ్యి పెట్టి చాలాసేపు ఉంచింది, చల్లగా ఉందేమో చూస్తున్నట్టు. "ఎచ్చగుండాది" అంది. అంతే, వెళ్ళిపోయింది.

ఎమ్మిగనూరులో మగ్గాలకు నూలు కండెలు చుట్టి బతికాం. ఆ వీధిలో కూత లేదు. బిడ్డ ఏడిస్తే లేచి పాలిచ్చేవాళ్ళు, అంతే. ఆ నిశ్శబ్దానికి అలవాటు పడటానికి నాకు చాలా రోజులు పట్టింది. పన్నెండు అవుతుందనగా పోయి పాప పక్కన నిలబడేదాన్ని.

ఆ పాపకు ఇప్పుడు అరవై ఏళ్ళు. కథ చెప్పిన మనవడు దాని కొడుకే. మధ్యాహ్నం అన్నం తిని అది ఒక కునుకు తీస్తుంది. నేను పక్కన చింతపండు ముందేసుకుని కూర్చుంటాను. ఇల్లంతా సద్దుమణిగాక, ఎవరూ చూడటం లేదని తెలుసుకుని, నా వేలు దాని ముక్కు కింద పెట్టి చూస్తాను. ఒక్కోసారి అది కళ్ళు తెరవకుండానే నా చెయ్యి పట్టుకుంటుంది.

"బతికే ఉండాను లేమ్మా. పోయి పండుకో" అంటుంది.